తీపి గుమ్మడికి, పళ్లకి స్లో కుక్కర్ నప్పుతుందా?

నప్పుతుంది. కాకపోతే సన్నటి వేడి మీద గంటల తరబడి వండే ఈ కరెంటు కుక్కర్‌తో పాటు వచ్చే చిన్న పుస్తకంలో రాసినట్టు చేస్తే మాత్రం నప్పదు. ఆ పుస్తకాల్లోని కొలతలు ఎక్కువగా మాంసానికి, పప్పుగింజలకు, సూపులకు లెక్కగట్టినవి. అన్నీ ఒకేసారి వేయడం, ఒక కప్పు నీళ్లు పోయడం, 'లో' (తక్కువ వేడి) గుర్తు మీద ఎనిమిది గంటలు వదిలేయడం వాటి పద్ధతి. గుమ్మడి ముక్కల్ని పళ్లతో కలిపి ఇలా వండితే అడుగున పలచటి తియ్యనీళ్లు తేలతాయి. యాపిల్ ఆనవాలు లేకుండా కరిగిపోతుంది. గుమ్మడి ముక్క మాత్రం అంచుల్లో చిదిమినట్టయి, మధ్యలో ఇంకా పంటికి తగులుతూ ఉంటుంది. చాలామంది ఒకసారి ఇలా వండి, కుక్కర్‌ను అటక మీద పెట్టేస్తారు. అందులో తప్పు కుక్కర్‌ది కాదు. నీళ్లు, పులుపు, మొదటి గంట వేడి, ఈ మూడింటిని చూసుకుంటే ఇదే కుక్కర్ గుమ్మడిని వెన్నలా ఉడికించి, ముక్క ముక్కగానే వడ్డించనిస్తుంది.

ఇది ఏదో ఒక కంపెనీ మోడల్ మీద రాసిన సమీక్ష కాదు. మూడున్నర లీటర్ల పింగాణీ గిన్నె, గాజు మూత, ఆఫ్-లో-హై-వార్మ్ గుర్తులున్న నాబ్‌తో దొరికే మామూలు రకం స్లో కుక్కర్ ఈ ఒక్క పనిలో ఎలా నడుస్తుందో చెప్పడమే ఉద్దేశం. ఈ సైజువి సాధారణంగా 200 వాట్ల చుట్టుపక్కల ఉంటాయి, లోపలి అమరిక కూడా దాదాపు ఒకటే. గుమ్మడి అంటే ఇక్కడ గట్టి తొక్క, పసుపు లేదా నారింజ రంగు కండ ఉండి నెలల తరబడి నిల్వ ఉండే రకాలు: బటర్‌నట్, కబోచా, ఏకార్న్, చిన్న సైజు తీపి గుమ్మళ్లు.

యంత్రం ఏం చేస్తుంది

స్లో కుక్కర్ పుట్టిందే గింజలు ఉడికించడానికి. ఇర్వింగ్ నాక్సన్ అనే అమెరికన్ 1940లో దీనికి పేటెంట్ పొందాడు. ఆయన అమ్మిన పాత్ర పేరు 'నాక్సన్ బీనరీ'. ఆ వ్యాపారాన్ని కొన్న రైవల్ కంపెనీ 1971లో దాన్నే క్రాక్‌పాట్ పేరుతో బజారులోకి తెచ్చింది. ఎండు గింజలకు నీళ్లు కావాలి, పీల్చుకోవడానికి గంటలు కావాలి. గుమ్మడి వ్యవహారం దీనికి పూర్తిగా తిరగబడి ఉంటుంది. బరువులో 85 నుంచి 90 శాతం నీళ్లే కాబట్టి అది పీల్చుకోదు, వదులుతుంది. యాపిల్, పియర్ కూడా అంతే. పైగా స్లో కుక్కర్‌లో ఆవిరి బయటికి పోదు. మూత లోపలివైపు చుక్కలు కట్టి, అవి అంచుకు జారి, మూతకీ గిన్నెకీ మధ్య సన్నటి నీటి గీతలా నిలుస్తాయి. ఆ గీతే మూతను బిగించి ఉంచుతుంది. పొయ్యి మీద గంటసేపు మరిగితే ఎగిరిపోయే నీరంతా ఇక్కడ తిరిగి గిన్నెలోకే దిగుతుంది. కాబట్టి పొయ్యి మీద వండే వంటకాన్ని దీనికి మార్చేటప్పుడు ద్రవం కొలతను సగానికి తగ్గించమంటారు. గుమ్మడి, పళ్లు కలిసిన వంటకానికి సగం కూడా ఎక్కువే, పాతిక భాగం చాలు.

చాలామంది పొరబడే ఇంకో సంగతి 'లో', 'హై' గుర్తులు. ఎక్కువ కుక్కర్లలో ఈ రెండూ చివరికి చేరే వేడి దాదాపు ఒకటే, మరిగే స్థాయికి కాస్త కింద. ఆ వేడికి ఎంతసేపట్లో చేరతాయన్నదే తేడా. 'లో' మీద పెడితే మెత్తగా, 'హై' మీద పెడితే గట్టిగా ఉడుకుతుందనుకోవడం సరికాదు. 'వార్మ్' మాత్రం వండటానికి కాదు, వండినదాన్ని వేడిగా ఉంచడానికే.

మొదటి గంట

గుమ్మడి విషయంలో ఈ యంత్రానికి ఉన్న అసలు బలహీనత ఇక్కడే బయటపడుతుంది. కూరగాయ ముక్కని ముక్కగా నిలబెట్టేది కణాల మధ్య జిగురులా ఉండే పెక్టిన్. మరిగే వేడికి దగ్గరైతే అది కరుగుతుంది, ముక్క మెత్తబడుతుంది. కానీ 55 నుంచి 70 డిగ్రీల సెల్సియస్ మధ్య కూరగాయలోని ఒక ఎంజైమ్ చురుగ్గా పనిచేసి పెక్టిన్‌ను మారుస్తుంది. అలా మారిన పెక్టిన్ కాల్షియంతో ముడిపడి మరింత గట్టిపడుతుంది. ఊరగాయలు, డబ్బా కూరగాయలు తయారుచేసేవాళ్లు ముక్క కరకరలాడాలని ఈ గుణాన్ని కావాలనే వాడుకుంటారు. 'లో' మీద పెట్టిన స్లో కుక్కర్ గుమ్మడిని సరిగ్గా ఆ వేడిలోనే చాలాసేపు ఉంచుతుంది. ఒకసారి అలా బిగిసిన ముక్క ఆ తర్వాత ఎన్ని గంటలు ఉడికినా మొండిగానే ఉంటుంది. మాంసం లొంగిపోయిన కుక్కర్‌లో క్యారెట్, గుమ్మడి లొంగకపోవడానికి కారణాల్లో ఇదొకటి.

కాబట్టి మొదటి గంట ఎప్పుడూ 'హై' మీదే ఉండాలి. తీరిక ఉంటే ఆ తర్వాత 'లో'కి తిప్పుకోవచ్చు. ఫ్రిజ్‌లోంచి తీసిన ముక్కలు నేరుగా వేయకూడదు, అరగంట బయట ఉంచాలి. ముందురోజు రాత్రే గిన్నెలో అన్నీ సర్ది ఫ్రిజ్‌లో పెట్టి, పొద్దున ఆ చల్లటి గిన్నెనే కుక్కర్‌లో దింపే అలవాటు కొందరికి ఉంటుంది. దానివల్ల రెండు నష్టాలు. ముక్క బిగుస్తుంది, పింగాణీ కూడా పగలొచ్చు. తరిగిన ముక్కల్ని వేరే డబ్బాలో పెట్టుకుంటే సరిపోతుంది. గిన్నెను ఖాళీగా ముందే వేడిచేయడాన్ని కొన్ని కంపెనీలు ఒప్పుకుంటాయి, కొన్ని వద్దంటాయి. ఈ ఒక్క విషయంలో పుస్తకం చూడాల్సిందే.

పులుపు ఎప్పుడు వేయాలి

పళ్లతో వచ్చే చిక్కంతా పులుపుది. పులుపు తగిలితే పెక్టిన్ కరగడం బాగా నెమ్మదిస్తుంది. నారింజరసం, పచ్చి క్రాన్‌బెర్రీలు, నిమ్మరసం, పైనాపిల్ వీటిలో ఏది మొదట్లోనే పోసినా గుమ్మడి ఉడకడానికి గంటో గంటన్నరో అదనంగా పడుతుంది. ఈలోగా యాపిల్ గుజ్జైపోతుంది. వంటకం విఫలమయ్యే దారుల్లో ఎక్కువమంది పడేది ఇదే. 'నాలుగు గంటలైనా ఉడకలేదు, కుక్కర్‌లో వేడి లేదు' అనుకుంటారు. ముక్క ఉడకకపోవడానికి కారణం గిన్నెలోని కప్పు నారింజరసం.

పుల్లటివన్నీ ముక్క మెత్తబడ్డాకే వేయాలి. రుచికి కూడా అదే మంచిది. మూడు గంటలు ఉడికిన నారింజరసంలో వాసన మిగలదు, చేదు పైకొస్తుంది. చివరి పది నిమిషాల్లో పోసి, తొక్క తురుము చల్లితే తాజాగా ఉంటుంది. పచ్చి క్రాన్‌బెర్రీలైతే ఆఖరి నలభై నిమిషాల్లో వేయాలి. అవి పగిలి రంగు దిగడానికి ఆ సమయం సరిపోతుంది. త్వరగా మెత్తబడాలని చిటికెడు వంటసోడా వేసేవాళ్లున్నారు. ముక్క మెత్తబడటమైతే నిజమే, కానీ అంచులు జావలా కరుగుతాయి, సబ్బు రుచి తగులుతుంది. ఆ ఆలోచన మానుకోవడమే మేలు.

పళ్లలో యాపిల్‌ది మొదటి స్థానం. అయితే రకం చూసి తీసుకోవాలి. గ్రానీ స్మిత్‌లాంటి గట్టి యాపిల్ పెద్ద ముక్కలుగా కోస్తే నిలబడుతుంది. మెకింటాష్‌లాంటి మెత్తటిది ఉడికి సాస్ అయిపోతుంది, గుజ్జులా కావాలనుకుంటే తప్ప వద్దు. యాపిల్‌లోనూ పులుపు ఉంటుంది కానీ అది ముక్కలోనే ఉండి, మెల్లగా దిగుతుంది కాబట్టి, పైవరసలో ఉన్నంతవరకు గుమ్మడిని పెద్దగా ఆపదు. పియర్ గట్టిగా ఉన్నప్పుడే వేయాలి, పండినది నిలవదు. ఎండుద్రాక్ష, ఎండు ఆప్రికాట్ ఈ వంటకానికి చాలా అవసరమైనవి. తీపి ఇవ్వడం ఒకటి, గుమ్మడి వదిలే నీటిని పీల్చుకోవడం ఇంకొకటి. మొదటి నుంచీ వేస్తే ఉబ్బి పగిలి, గిన్నెలో తొక్కలు మాత్రమే మిగులుతాయి. వేయాల్సింది సగం సమయం గడిచాక.

కాయ ఎంపిక

సైజుకు మించిన బరువుండాలి. తొక్క మీద మెరుపు లేకుండా మొద్దుగా ఉండాలి. మెరిసే బటర్‌నట్ ముదరకముందే కోసినది, చప్పగా ఉంటుంది. గోరు గుచ్చితే దిగకూడదు, తొడిమ ఎండి బెరడులా ఉండాలి. కోతకొచ్చాక కొన్ని వారాలు నిల్వ ఉన్న కబోచా మరీ తియ్యగా ఉంటుంది, లోపలి పిండి నెమ్మదిగా చక్కెరగా మారుతుంది.

స్లో కుక్కర్‌కు బటర్‌నట్‌దే మొదటి మార్కు. కండలో పీచు తక్కువ, తడి సరిపడా ఉంటుంది, పొడవాటి మెడ భాగంలో గింజల గది ఉండదు కాబట్టి ముక్కలన్నీ ఒకే సైజులో వస్తాయి. కబోచా పొడిపొడిగా, ఉడికిన దుంపలా ఉంటుంది. దానికి ద్రవం కొంచెం ఎక్కువ పోయాలి, తొక్క తీయనక్కర్లేదు, ఆ తొక్కే ముక్కను పట్టి ఉంచుతుంది. ఏకార్న్‌లో పీచు ఎక్కువ, తొక్క మీద గాడులుండటం వల్ల చెక్కడం కష్టం. దాన్ని రెండు చెక్కలు చేసి, గింజలు తీసి, గుంతలో పళ్లు నింపి వండుకోవడమే తేలిక. దానికి గుండ్రటి గిన్నె కాదు, కోలగా ఉండే గిన్నె కావాలి. దీపాలు చెక్కడానికి అమ్మే పెద్ద నారింజ గుమ్మడి నీళ్లోడుతుంది, స్పగెటి స్క్వాష్ నూలుపోగుల్లా విడిపోతుంది. ఈ రెండూ ఈ వంటకు పనికిరావు.

తరిగేటప్పుడు చిన్న పచ్చి ముక్క నాలుకకు తగిలించి చూడండి. చేదుగా ఉంటే కాయ మొత్తం పారేయండి, మొహమాటం వద్దు. కుకుర్బిటాసిన్లనే పదార్థాల వల్ల వచ్చే ఆ చేదు ఉడికించినా పోదు, చక్కెర వేస్తే దాగదు, వాంతులు, విరేచనాలు తెప్పిస్తుంది. బటర్‌నట్ తొక్క తీస్తే కారే జిగట కొందరికి చేతుల మీద ఆరి చర్మం బిగుసుకుపోయినట్టు, పొరలు లేచినట్టు చేస్తుంది. గ్లవ్స్ వేసుకుంటే ఆ బాధ ఉండదు. తొక్క మరీ మొండికేస్తే, కాయకు నాలుగైదు చోట్ల కత్తితో గుచ్చి మైక్రోవేవ్‌లో మూడు నిమిషాలు ఉంచితే చెక్కడానికి లొంగుతుంది. గుచ్చకుండా పెడితే పగులుతుంది.

కొలతలు, వరస

మూడున్నర లీటర్ల గిన్నెకు ఇవి సరిగ్గా సరిపోతాయి: ఒకటిన్నర కిలోల బటర్‌నట్ (తొక్క, గింజలు పోగా కిలో పైచిలుకు ముక్కలు వస్తాయి), రెండు పెద్ద గట్టి యాపిళ్లు, 60 గ్రాముల ఎండుద్రాక్ష లేదా తరిగిన ఎండు ఆప్రికాట్, 40 గ్రాముల వెన్న, 40 గ్రాముల బ్రౌన్ షుగర్, అర టీస్పూన్ ఉప్పు, వేలెడు దాల్చినచెక్క, రెండు అల్లం చక్రాలు, నాలుగు టేబుల్‌స్పూన్ల నీళ్లు, చివరికి సగం నారింజ రసం, దాని తొక్క తురుము. కబోచా అయితే నీళ్లు ఆరు టేబుల్‌స్పూన్లు. ఇదంతా పడితే గిన్నె మూడింట రెండు వంతులు నిండుతుంది. సగానికి తక్కువుంటే అంచులు మాడతాయి, ముప్పావుకు మించితే మధ్య ముక్కకు వేడి చేరదు. ఆరు లీటర్ల కుక్కర్‌లో ఈ కొలత వేస్తే పలచటి పొరలా పరుచుకుని గోడల వైపు నల్లబడుతుంది. కొలతలు పెంచుకోవాలి, లేదా లోపల చిన్న వేడికోర్చే గిన్నె పెట్టుకోవాలి.

గుమ్మడి ముక్కలు నాలుగు సెంటీమీటర్లుండాలి. చిన్నవిగా కోస్తే త్వరగా ఉడుకుతాయన్నది నిజమే, కానీ ఇక్కడ చిన్న ముక్క ముద్దవుతుంది. యాపిల్‌కు తొక్క ఉంచి, ఒక్కోదాన్ని ఎనిమిది చీలికలు చేయాలి. ఈ రకం కుక్కర్లలో వేడి తీగ సాధారణంగా గిన్నె పక్కగోడల చుట్టూ ఉంటుంది. అందుకని గట్టిదైన గుమ్మడి అడుగునా, గోడల పక్కనా ఉండాలి. దాని మీద ఉప్పు, చక్కెర, మసాలా, వెన్న ముక్కలు, ఆ పైన యాపిల్ చీలికలు. కలపకూడదు. కలిపితే యాపిల్ అడుగుకు చేరి కరుగుతుంది, గుమ్మడి పైకొచ్చి పచ్చిగా మిగులుతుంది.

చక్కెర ఎక్కువైనా పులుపులాగే ముక్కను బిగిస్తుంది. వంద గ్రాములు వేయాలనుకునేవాళ్లు సగం మొదట, సగం చివర్లో వేసుకోవాలి. దాల్చిన పొడి కంటే చెక్కే మేలు, పొడి గంటల తరబడి ఉడికితే రసం బురదరంగుకు తిరిగి, నాలుకకు జిగటగా తగులుతుంది. లవంగం వేస్తే ఒక్కటి, అంతకు మించొద్దు. మూత కింద దాని ఘాటు తగ్గదు, పెరుగుతుంది. పాలు, క్రీమ్ వేసుకోవాలంటే కుక్కర్ ఆపాక వేడి కాస్త తగ్గనిచ్చి వేయాలి, లేదంటే పళ్ల పులుపుకు విరిగిపోతాయి.

'హై' మీద మొత్తం మూడు నుంచి మూడున్నర గంటలు. మొదటి గంట 'హై', తర్వాత 'లో' అయితే మరో నాలుగు నుంచి నాలుగున్నర గంటలు. మూత తెరవడానికి రెండే సందర్భాలున్నాయి: సగం సమయంలో ఎండుపళ్లు వేయడానికి, చివర్లో చూడటానికి. తీసిన ప్రతిసారీ పోయిన వేడి తిరిగి కూడటానికి ఇరవై నిమిషాలకు తక్కువ పట్టదు. గాజు మూత ఉన్నదే తెరవకుండా చూడటానికి. ఆవిరి అడ్డొస్తే మూతను ఎత్తకుండా అక్కడే కాస్త అటూ ఇటూ తిప్పితే చుక్కలు జారి లోపల కనిపిస్తుంది.

ఉడికిందో లేదో గోడ పక్క ముక్కతో తేల్చకూడదు. గిన్నె నడిమధ్య, అడుగున ఉన్న ముక్కను సన్నటి కత్తితో గుచ్చాలి. కత్తి తన బరువుకే దిగి, తీసేటప్పుడు ముక్కను పైకి లాగకుండా వస్తే అయిపోయినట్టు. దిగేటప్పుడు మధ్యలో చిన్న అడ్డు తగిలితే ఇంకో ఇరవై నిమిషాలు కావాలి. మూలలు గుండ్రపడి, రసంలోకి నారింజరంగు పొడిలా రాలుతుంటే సమయం దాటిందని అర్థం. అప్పుడు పప్పుగుత్తితో మెదిపి గుజ్జుగా వడ్డించడమే దారి, అదీ రుచిగానే ఉంటుంది.

నీళ్లు ఎక్కువైతే

నాలుగు టేబుల్‌స్పూన్లే పోసినా చివరికి కప్పు దాకా రసం తేలుతుంది. మూత తీసి 'హై' మీద ఉంచితే చిక్కబడుతుందని పుస్తకాలు రాస్తాయి. ఇంత తక్కువ వాట్లకు అది అరగంటలో పెద్దగా తగ్గదు, ఈలోగా ముక్కలు మెత్తబడిపోతాయి. రసం మొత్తాన్ని వెడల్పాటి పెనంలోకి వంచి, పొయ్యి మీద పెద్దమంటన ఐదారు నిమిషాలు మరిగించి, చెంచా వెనక పట్టేంత చిక్కబడ్డాక నారింజరసం కలిపి ముక్కల మీద పోయడం ఎంతో నయం. ఎప్పుడూ నీళ్లోడే కాయలే దొరికితే, గిన్నె మీద మందపాటి పొడి గుడ్డ పరిచి దాని మీద మూత పెట్టొచ్చు, చుక్కల్ని గుడ్డ పీలుస్తుంది. దాని అంచుల్ని పైకి మడిచి మూత మీద ముడి వేయాలి, వేడి పెట్టె గోడలకు వేలాడకూడదు. గుడ్డ పెట్టి వదిలేసి బయటికి వెళ్లకూడదు.

ఈ కుక్కర్ చేయలేనిదేమిటో కూడా చెప్పుకోవాలి. ఇందులో ఎర్రబడటం ఉండదు. వంద డిగ్రీల లోపు తడివేడిలో ఓవెన్‌లో కాల్చిన గుమ్మడికి వచ్చే కమ్మటి మాడువాసన పుట్టదు. వెన్నను ముందే చిన్న గిన్నెలో గోధుమరంగు వచ్చేదాకా కాచి వేస్తే ఆ లోటు కొంత తీరుతుంది. బాదం, అక్రోటు ముక్కలు వేయించి వడ్డించేటప్పుడు చల్లితే ఇంకొంత. కాల్చిన రుచే ముఖ్యమనుకునేవాళ్లకు మాత్రం ఓవెనే సరి. ప్రెషర్ కుక్కర్ నాలుగు నిమిషాల్లో గుమ్మడిని మెత్తబరుస్తుంది కానీ యాపిల్ ఆ పోటుకు తట్టుకోదు. పండు రుచి గుమ్మడిలోకి, గుమ్మడి తీపి పండులోకి ఇంకాలంటే, అదీ గరిటె పెట్టకుండా, అందుకు స్లో కుక్కర్‌ను మించింది లేదు. కరెంటు కూడా మూడున్నర గంటలకు ముప్పావు యూనిట్ దాటదు.

గుజ్జు పేస్టు

ఇదే కుక్కర్‌లో బ్రెడ్ మీద రాసుకునే చిక్కటి గుమ్మడి-యాపిల్ పేస్టు కూడా బాగా వస్తుంది. ఇక్కడ నియమాలన్నీ తిరగబడతాయి, ముక్క నిలవాల్సిన పనిలేదు కాబట్టి మెత్తటి యాపిలే మంచిది. కిలో గుమ్మడి ముక్కలు, నాలుగు యాపిళ్లు, అల్లం, దాల్చినచెక్క వేసి, నీళ్లు అసలు పోయకుండా 'హై' మీద నాలుగు గంటలు ఉడికించి, చెక్క తీసేసి బ్లెండర్‌తో గుజ్జు చేయాలి. 120 గ్రాముల చక్కెర, రెండు చెంచాల నిమ్మరసం అప్పుడు కలిపి, మూతకూ గిన్నెకూ మధ్య చెక్క గరిటె అడ్డంగా పెట్టి ఆవిరి పోనిస్తూ మరో రెండు మూడు గంటలు. గంటకు రెండుసార్లు గోడలు గీకుతూ కలపాలి, లేకపోతే ఒకవైపు నల్లగా అంటుకుంటుంది. చల్లటి పళ్లెం మీద చెంచాడు వేస్తే చుట్టూ నీటి వలయం కట్టకూడదు, అదే గుర్తు. సీసాల్లో నింపి, నీళ్లలో మరిగించి, బయట అలమరలో నిల్వ పెట్టే పద్ధతి దీనికి వాడకూడదు. గుమ్మడిలో పులుపు తక్కువ, గుజ్జు చిక్కన, మధ్యదాకా వేడి చేరుతుందన్న భరోసా లేదు, అందులో బొటులిజం (ప్రాణం మీదికి తెచ్చే ఆహార విషం) తెచ్చే క్రిములు పెరిగే ప్రమాదం ఉంది. గుమ్మడి గుజ్జును ఇంట్లో అలా సీసాల్లో పెట్టొద్దని అమెరికా వ్యవసాయశాఖ కూడా చెబుతుంది. ఫ్రిజ్‌లో నాలుగైదు రోజులు, అంతకు మించి ఉంచాలంటే ఫ్రీజర్.

కొనేటప్పుడు

ఈ పనికి డిజిటల్ బటన్లు తప్పనిసరి కాదు. సమయం అయ్యాక తనంతట తానే 'వార్మ్'కి మారే టైమర్ మాత్రం డబ్బు పెట్టదగినది, నాబ్ రకంలో అరగంట ఆలస్యమైతే ముక్కలు పోతాయి. గిన్నె బయటికి తీయగలిగినదై ఉండాలి. మూత గాజుదే కావాలి, చిన్న రంధ్రం ఉన్నా పరవాలేదు. పాత కుక్కర్ ఉన్నవాళ్లు, అది సరిగా వేడెక్కుతోందో లేదో తేల్చుకోవడానికి సగం దాకా నీళ్లు పోసి, మూతపెట్టి 'లో' మీద ఎనిమిది గంటలు ఉంచి, మూత తీయగానే థర్మామీటర్ ముంచాలి. 85 డిగ్రీల సెల్సియస్ చుట్టూ చూపించాలి. బాగా తక్కువ చూపిస్తే అందులో ఏదీ వండొద్దు. బాగా ఎక్కువైతే పైన చెప్పిన సమయాల్లో అరగంట కోసేయండి. కొన్నిటిలో ఒకవైపు గోడ రెండోవైపు కంటే ఎక్కువ వేడెక్కుతుంది, ఎండుపళ్లు వేయడానికి మూత తీసినప్పుడే గిన్నెను గుడ్డతో పట్టుకుని సగం చుట్టు తిప్పితే సర్దుకుంటుంది.

మిగిలినదాన్ని గిన్నెతో సహా ఫ్రిజ్‌లో పెట్టొద్దు. మందపాటి పింగాణీ వేడిని వదలదు, లోపలిది చల్లబడటానికి గంటలు పడుతుంది. వెడల్పాటి డబ్బాలోకి తీయాలి. మర్నాడు వేడి చేసుకోవడానికి పొయ్యో మైక్రోవేవో వాడాలి, స్లో కుక్కర్‌లో చల్లటిది వేడెక్కే సమయంలో క్రిములు పెరుగుతాయి. వేడి గిన్నెలో చన్నీళ్లు పోస్తే పగులు తప్పదు. గోడ చుట్టూ కట్టిన చక్కెర గీత గోరువెచ్చటి నీళ్లలో అరగంట నానితే వేలితోనే ఊడుతుంది, ఇనుప పీచు అక్కర్లేదు.

ఇప్పటికే మల్టీకుక్కర్ ఉండి, అందులోని 'స్లో కుక్' బటన్‌తో సరిపెట్టుకుందామనుకునేవాళ్లకు ఒక్క మాట. చాలావాటిలో వేడి పక్కల నుంచి కాదు, అడుగు నుంచే వస్తుంది, అందులోని 'లో' ఇంకా చల్లగా నడుస్తుంది. గుమ్మడి అడుగునే ఉండాలన్న నియమం అక్కడా అదే, గోడ పక్కన సర్దాల్సిన పని మాత్రం లేదు. 'లో' జోలికి పోకుండా అక్కడి 'హై' గుర్తు మీద నాలుగున్నర గంటలు పెట్టుకోండి, బిగించే ప్రెషర్ మూత బదులు గాజు మూత దొరికితే అది వాడండి, నాలుగో గంట నుంచి కత్తితో చూసుకోండి.